మంగఫ్ మూడో అంతస్తు మేయరు

కెనడాలో ఒక చిన్న నగరం ఉంది. నేను దాన్ని ఎప్పుడూ చూడలేదు. అయినా దాని ఎనిమిది మంది కౌన్సిలర్లలో చెత్త గురించి మాట్లాడేది ఎవరో, సైకిల్ దారుల కోసం గొడవపడేది ఎవరో, మీటింగులో కునుకు తీసేది ఎవరో నాకు కంఠతా వచ్చు. కువైట్‌కు వచ్చి అప్పటికి పదిహేడేళ్ళు. ఇక్కడి బలదియా, అంటే మునిసిపాలిటీ, గురించి నాకు తెలిసిందల్లా దాని చెత్త లారీ ఎన్నింటికి వస్తుందన్నది మాత్రమే.

మాది కోనసీమ. ఇక్కడ కువైట్‌లో, అహ్మది అనే ఊళ్ళో, ఒక కాంట్రాక్టు కంపెనీ ఆఫీసులో డాక్యుమెంట్ కంట్రోలర్ని. పేరు ఘనంగా ఉంటుంది కాని, పని ఇంజనీర్లు గీసిన డ్రాయింగులకు నంబర్లు వేయడం, పాత కాపీల మీద రద్దు ముద్ర కొట్టడం. ఆ కెనడా నగరంలో పనివాళ్ళు చాలడం లేదట. అందుకని బయటి దేశాల నుంచి కొంతమందిని తామే ఎంచుకుంటారట. ఆఫీసులో ఎవరో చెబితే నేనూ దరఖాస్తు పెట్టాను. రెండు నెలల్లో వీడియోలో ఇంటర్వ్యూ ఉంటుందని, మా నగరం గురించి మీకేం తెలుసో చెప్పాల్సి ఉంటుందని జవాబు వచ్చింది.

వేరేవాళ్ళయితే అక్కడి చలి ఎంతో, చెరువులెన్నో, ఏ ఆట ఆడతారో నేర్చుకునేవాళ్ళు. నేను కాగితాల మనిషిని. నగర పాలక సంస్థ వెబ్‌సైటు తెరిచి, బురదలోకి గేదె దిగినట్టు దిగిపోయాను. అజెండాలు, మినిట్సు, తీర్మానాలు, సవరణలు, సవరణలకు సవరణలు. ఇన్ని కాగితాలు, ఒక్కటీ తప్పు ఫైల్లో లేకుండా! ఆ నగరం మీద నాకు ప్రేమ పుట్టింది అక్కడే.

ఆ ఏర్పాటు ఇలా ఉంటుంది. పైన ప్రొవిన్సు ప్రభుత్వం, మన రాష్ట్ర ప్రభుత్వం లాంటిది. దాని చట్టం ఎంత ఇస్తే నగరానికి అంతే అధికారం. నగరంలో మేయరు, కౌన్సిలర్లు, నాలుగేళ్ళకోసారి ఎన్నిక. ఓటింగుకు వచ్చేసరికి మేయరుకూ ఒక్క ఓటే. వీళ్ళందరూ కూర్చుని తీర్మానిస్తారు. చేసేవాడు మాత్రం జీతానికి పెట్టుకున్న సిటీ మేనేజర్. రోడ్లు, నీళ్ళు, మంచు ఎత్తడం, పార్కులు, ఫైరింజను అన్నీ అతని చేతి కిందే. బడులకు మళ్ళీ వేరే బోర్డు, దానికి మళ్ళీ ఎన్నిక. ఒక మనిషి తుమ్మితే ఏ శాఖ చిరంజీవ అనాలో కూడా అక్కడ రాసి ఉంటుందేమోనని నాకు అనుమానం.

ఊళ్ళో ఉన్న మా ఆవిడకు ఫోన్‌లో ఇదంతా ఉత్సాహంగా చెప్పాను. ఓపిగ్గా విని, "ఇంతకీ మన వార్డు మెంబరెవరో చెప్పండి చూద్దాం" అంది.

నేను మాట మార్చబోయాను.

"మన వీధి చివర కుళాయి దగ్గర ఇల్లండి ఆయనది. మీరు మొన్న సెలవుకొచ్చినప్పుడు ఇంటికొచ్చి కాఫీ కూడా తాగెళ్ళాడు. కెనడా మేయరుగారు ఎప్పుడొత్తారో కనుక్కోండి, ఆరికీ కాఫీ పెడతాను" అని ఫోన్ పెట్టేసింది.

అహ్మదికి దగ్గర్లోని మంగఫ్‌లో మా ఫ్లాటు, మూడో అంతస్తులో. రెండు గదులు, ఎనిమిది మందిమి, ఒక్కటే బాత్రూము. ఫ్లాటు అద్దెకు తీసుకున్నది స్కాఫోల్డింగ్, అంటే పరంజాలు, కట్టించే ఫోర్‌మన్‌గా పనిచేసే ఒక పెద్దాయన. రాజోలు వైపు మనిషి. అందరికీ బాబాయ్. మోటారు చెడితే మేస్త్రీని పిలిచేదీ, బిల్డింగు కాపలాదారుతో అరబీలో పోట్లాడేదీ, గ్యాసు సిలిండరు మోయించేదీ ఆయనే. వాటికి ప్రతిఫలంగా పొద్దున్న నాలుగింటికల్లా బాత్రూములో దూరి, గడ్డం గీసుకుని, భక్తి పాటలు వింటూ, అరగంటకు గాని బయటికి వచ్చేవాడు కాదు. ఐదుంపావుకు కంపెనీ బస్సు. మిగతా ఏడుగురం బక్కెట్లు పట్టుకుని తలుపు బయట వరసలో నిలబడి ఆయనతో పాటు ఆ పాటలన్నీ నేర్చుకున్నాం. పదేళ్ళుగా ఎవరూ కిమ్మనలేదు.

ఒక శుక్రవారం పొద్దున నేను ఆ నగరం కౌన్సిలు మీటింగు వీడియో చూస్తున్నాను. రాయచోటి వైపు నుంచి వచ్చిన మా ఫ్లాటు వెల్డరు నా పక్కకు చేరాడు. పెరట్లో కోళ్ళు పెంచుకోనివ్వాలా వద్దా అని అక్కడ చర్చ. రెండున్నర గంటలు. ఇంటికి నాలుగు కోళ్ళా ఆరా, పుంజు ఉండొచ్చా, గూడు గోడకు ఎంత దూరం ఉండాలి.

"ఏం మాట్లాడతాండారన్నా?" అని అడిగాడు. చెప్పాను.

"కోడికి మీటింగా! మా ఊర్లో కోడిని పెంచల్లంటే కోడి ఒప్పుకుంటే చాలన్నా."

అంతలో ఒక ముసలావిడ కర్ర పట్టుకుని మైకు దగ్గరికి వచ్చింది. మామూలు జనానికి తలా ఐదు నిమిషాలు ఇస్తారు. మీ మంచు బండి నా గేటు ముందు మంచు గుట్ట పోసి పోయింది, మేయరుగారూ, మీ ఇంటి ముందు పోస్తే ఊరుకుంటారా అని ఆవిడ దులిపేసింది. మేయరు తల దించుకుని రాసుకున్నాడు. చివర్న ధన్యవాదాలు కూడా చెప్పాడు. నేను ఒక్కొక్క ముక్కా తెలుగులో చెబుతుంటే వెల్డరు నోరు తెరుచుకుని విన్నాడు.

"ఆమెను ఎవురూ బయటికి ఈడ్చల్యా?"

"లేదు."

"రేపు ఆమె ఇంటికి నీళ్ళు బందు చెయ్యరా?"

"చెయ్యరు."

ఆ మధ్యాహ్నం అందరం పేపర్లు పరుచుకుని అన్నాలు తింటున్నప్పుడు, వెల్డరు చెయ్యి కడుక్కుని వచ్చి నిలబడ్డాడు. "బాబాయ్, నాకొక ఐదు నిమిషాలు కావల్ల" అన్నాడు. బాత్రూము సంగతంతా చెప్పాడు. తను రెండుసార్లు బస్సు తప్పి మేనేజరుతో తిట్లు తిన్నదీ, ఒక రోజు సైటుకు మొహం కడక్కుండానే పోయిందీ చెప్పాడు. ఐదు నిమిషాలు కూడా పట్టలేదు.

బాబాయ్ పప్పు కలుపుకుంటూనే, "నచ్చకపోతే వేరే ఫ్లాటు సూసుకోరా అబ్బాయ్, నేనేం కట్టేయలేదుగా" అన్నాడు.

అప్పుడు నేను లేచాను. న్యాయం కోసం లేచానని చెప్పుకోవడం నాకు ఇష్టమే కాని, నిజానికి ఇంటర్వ్యూలో చెప్పుకోవడానికి ఏదైనా ఉంటుందన్న ఆశ కూడా ఉంది. మనమూ ఒక కౌన్సిలు పెట్టుకుందాం, ఆరు నెలలకోసారి ఎన్నిక పెట్టుకుందాం అన్నాను. పాలపొడి డబ్బాలో చీటీలు వేశాం. మేయరుగా నాకు ఐదు ఓట్లు, బాబాయ్‌కి మూడు. వెల్డరూ, ఇంకొకాయనా కౌన్సిలర్లు. బాబాయ్ మొహం ముడుచుకోవడం చూసి ఆయన్ని సిటీ మేనేజర్‌గా నియమించాను. ఆ పదవి ఏమిటో వివరించాను.

అంతా విని బాబాయ్ నవ్వాడు. "అంటే మీరు మాట్టాడుకుంటారు, పని నేను చేత్తాను. అంతేగా? ఇప్పుడు మాత్రం ఏం జరుగుతోందిరా!"

పరిపాలన మొదలైంది. మొదటి తీర్మానం: బాత్రూములో మనిషికి ఎనిమిది నిమిషాలు. ఏకగ్రీవం. బాబాయ్ కూడా, ఏ కళనున్నాడో, ఒప్పుకున్నాడు. పాటలు వంటగదిలోకి మారాయి. రెండో తీర్మానం ఎండుచేపల మీద. గదిలో వేపకూడదని ఒకరు, ఎండుచేప లేకపోతే తను మనిషే కాదని ఇంకొకరు. నేను దాన్ని ఉపసంఘానికి పంపాను. ఉపసంఘం అంటే వెల్డరు ఒక్కడే. అతను రెండు చేపలు వేపించుకుని తిని, "బాగుండాది, ఒప్పుకుందాం" అని నివేదిక ఇచ్చాడు.

ఫ్రిజ్ మీద అజెండా అంటించేవాణ్ణి. మినిట్సు రాసి నంబరు వేసేవాణ్ణి. ఎవరైనా పప్పులో ఉప్పు ఎక్కువైందంటే, సవ్యమైన పద్ధతిలో తీర్మానం ప్రవేశపెట్టమనేవాణ్ణి. ఆఫీసులో పదిహేడేళ్ళూ ఇంకొకరి సంతకం కింద ముద్ర కొట్టిన చేతికి ఒక్కసారిగా సంతకం చేసే అధికారం వచ్చింది. దాని రుచి నాకు తెలిసిపోయింది.

నెల తిరక్కుండా నాకొక ఆలోచన వచ్చింది. ఇంటర్వ్యూకి చదువుకోవాలి, కాబట్టి మేయరు పొద్దున్నే ముందు స్నానం చెయ్యాలి. నాలుగింటికి. చదివింది నెమరు వేసుకోవడానికి ఎనిమిది నిమిషాలు చాలవు, కాబట్టి ఇరవై. దీన్ని తీర్మానంగా పెట్టలేదు. పెడితే నెగ్గదని తెలుసు. 'తాత్కాలిక పరిపాలనా సర్దుబాటు' అని రాసి ఫ్రిజ్ మీద అంటించాను.

ఆ శుక్రవారం మీటింగులో వెల్డరు లేచాడు. "అన్నా, నాకు ఐదు నిమిషాలు కావల్ల. నీ మింద."

"ఇది అజెండాలో లేదు" అన్నాను.

"ఆ ముసలామె మాత్రం మేయర్ను అడిగే మాట్లాడిందా?"

"ఆవిడ ముందుగా పేరు నమోదు చేయించుకుంది. నువ్వు చేయించుకోలేదు. కూర్చో."

కూర్చున్నాడు. మూల నుంచి బాబాయ్, "మేయరుగారికి జై" అన్నాడు. అందరూ నవ్వారు. నేను మినిట్సులో 'హర్షధ్వానాలు' అని రాశాను. సిగ్గులేకుండా నిజంగానే అలా రాశాను. ఆ కాగితం ఇప్పటికీ నా దగ్గరుంది.

ఇంటర్వ్యూ ఒక సోమవారం సాయంత్రం నాలుగున్నరకు. అక్కడ పొద్దున్న. సగం రోజు సెలవు పెట్టి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, లుంగీ మీదే లాప్‌టాప్ ముందు కూర్చున్నాను. వెల్డరు, సైటులో చీలమండ బెణకడంతో, ఆ వారం గదిలోనే ఉన్నాడు. నా వెనక మంచం మీద కాలు చాపుకుని, ఉలుకూ పలుకూ లేకుండా పడుకున్నాడు.

తెర మీద ఇద్దరు. నగర ఆఫీసు ఉద్యోగి ఒకాయన, ఊరి తరఫున వచ్చిన ఒక పెద్దావిడ. మా నగరం గురించి చెప్పండి అన్నారు. నేను మొదలుపెట్టాను. ప్రొవిన్సు చట్టం నుంచి పట్టుకుని, మేయరు, కౌన్సిలు, మేనేజరు, శాఖలు, ఉపసంఘాలు, చివరికి కోళ్ళ నిబంధనకు మూడో సవరణ దాకా వెళ్ళాను. ఆవిడ చెయ్యెత్తి ఆపింది.

"నేనిక్కడే పుట్టి పెరిగానండీ. మా కౌన్సిలర్లలో సగం మంది పేర్లు నాకే తెలియవు. మీరిక్కడికొచ్చి రోజూ ఏం చేస్తారో చెప్పండి" అంది.

దానికి నేను చదువుకోలేదు. ఏదో గొణిగాను. జాలిపడి కాబోలు, ఇప్పుడుంటున్న చోట నలుగురి కోసం ఏమైనా చేశారా అని అడిగింది ఆవిడ. పోయిన ప్రాణం తిరిగి వచ్చింది. మేయర్నని చెప్పాను. ఎన్నిక, డబ్బా, ఎనిమిది నిమిషాల తీర్మానం అన్నీ చెప్పాను. ఇద్దరూ మనసారా నవ్వారు.

"మరి ఆ నియమం అందరూ పాటిస్తారా?" అని ఆఫీసాయన అడిగాడు.

"ఎవ్రీబడీ" అన్నాను.

వెనక మంచం కిర్రుమంది.

ఇంటర్వ్యూ అయిపోయాక లాప్‌టాప్ మూసి అలాగే కూర్చున్నాను. వెల్డరుకు ఇంగ్లీషు పెద్దగా రాదు. ఆ ఒక్క మాట వచ్చు.

"అన్నా, ఎవ్రీబడీ అంటే నువ్వు గూడానా?" అని అడిగాడు. ఎగతాళిగా కూడా అడగలేదు. తెలుసుకోవాలని అడిగినట్టే అడిగాడు. నేను లుంగీ సర్దుకుని, టీ పెడతానని వంటగదిలోకి పోయాను.

మూడు వారాల తర్వాత ఉత్తరం వచ్చింది. మా నగర పాలన పట్ల మీ ఆసక్తికి ఎంతో సంతోషించాం అని మొదలుపెట్టారు. అంత మర్యాదగా ఎవరూ నన్ను ఎన్నడూ తిరస్కరించలేదు. ప్రస్తుతం గుమాస్తా పనివాళ్ళ అవసరం లేదట. చేతిపని తెలిసినవాళ్ళు కావాలట. వెల్డర్లు, పైపు ఫిట్టర్లు, నర్సులు. అలాంటివాళ్ళు మీకు తెలిస్తే చెప్పండి అని కూడా రాశారు.

ఆ ఉత్తరాన్ని రెండు రోజులు నా దగ్గరే దాచుకున్నాను. ఎందుకని అడిగితే చెప్పడానికి మంచి కారణమేదీ లేదు. మూడో రోజు వెల్డరుకు చూపించాను.

ఆరు నెలలు నిండాయి, ఎన్నిక పెట్టాలి. ఫ్లాటులో పరిస్థితులు అనుకూలంగా లేవని వాయిదా వేద్దామా అని నేను ఆలోచిస్తుండగానే, బాబాయ్ కడిగిన డబ్బా తెచ్చి చాప మీద పెట్టి, "ఖలాస్, ఇక చాలు, చీటీలు వేయండి" అన్నాడు. వెల్డరుకు ఐదు ఓట్లు. బాబాయ్‌కి రెండు. నాకు ఒకటి. అది ఎవరిదని ఎవరూ అడగలేదు. కొత్త మేయరు ఫ్రిజ్ మీది కాగితాలన్నీ పీకేశాడు. మాట్లాడాల్సిందేమైనా ఉంటే అన్నం తినేటప్పుడు మాట్లాడుకుందామన్నాడు. బాత్రూముకు ఎనిమిది నిమిషాలే ఉంచి, తను చివర్న వెళ్తానన్నాడు. వెళ్తున్నాడు కూడా. అందుకని మిగతావాళ్ళకు సాగదీయడానికి మొహం చెల్లడం లేదు. ఈ కిటుకు నేను చదివిన ఏ మినిట్సులోనూ లేదు.

ఇప్పుడు శుక్రవారాలు అతనికి ఇంగ్లీషు చెబుతున్నాను. పోయిన వారం దరఖాస్తు నింపాం. మా నగరానికే ఎందుకు రావాలనుకుంటున్నారు అన్న ప్రశ్న దగ్గర, నగర పాలక వ్యవస్థ గురించి ఒక పేరా చెబుతాను, రాసుకో అన్నాను.

"వద్దన్నా. అది నీది" అని నా చేతిలోంచి పెన్ను తీసుకున్నాడు. చాలాసేపు కష్టపడి మూడు వాక్యాలు రాశాడు. నేను పద్నాలుగేళ్ళుగా వెల్డింగు చేస్తున్నాను. ఎండలో చేశాను, చలిలో నేర్చుకుంటాను. నాకు పని ఇవ్వండి.

నేను స్పెల్లింగులు రెండు దిద్ది, పంపమన్నాను.