వాటీ గెమ్మెల్ అందించిన బంతి

వాటీ గెమ్మెల్ పుట్టింది స్కాట్లాండులో, ఓడలు కట్టే రేవులో. మొదటి ప్రపంచ యుద్ధం అయిపోయాక ఓడలు కట్టించుకునే నాథుడు లేక రేవు మూగబోయింది. ఆ రోజుల్లోనే మసాచుసెట్స్ నుంచి ఒక మిల్లు మనిషి దిగి, "బంతి ఆడటం నీకొచ్చు కదా, మగ్గం నడపడం మేం నేర్పుతాం" అన్నాడు. వాటీ భార్య ఎఫీని వెంటబెట్టుకుని ఓడెక్కేశాడు.

అమెరికాలో సాకర్ లీగ్ పెట్టిన తొలినాళ్లవి. వెస్ట్‌కోట్ మిల్లు కూడా తన పేరు మీద ఒక జట్టును నిలబెట్టింది. పేరుకి వాళ్లంతా ప్రొఫెషనల్ ఆటగాళ్లు. వారమంతా మగ్గాల మోతలో చెవులు పోగొట్టుకుని, దూది నుసి పీల్చి, శనివారం మధ్యాహ్నం బొగ్గు నుసి పరిచిన మైదానంలో మోకాళ్లు చెక్కించుకోవడమే ఆ దర్జా. నేత పాడైతే మేస్త్రీ చూసీ చూడనట్టు పోయేవాడు. ఆట పాడైతే మాత్రం సోమవారానికి ఆ మగ్గం ముందు ఇంకొకడు నిలబడి ఉండేవాడు. మిల్లు ఇచ్చిన ఇల్లు కూడా అంతటితో సరి.

వాటీ మైదానం మధ్యలో ఆడేవాడు. కెప్టెన్ కూడా అతనే. మాటలు తక్కువ మనిషి. తల తిప్పకుండానే ఎవడు ఖాళీగా ఉన్నాడో పసిగట్టి బంతిని అక్కడికి తోసేసేవాడు. అది ఆలోచించి చేసే పని కాదు, చేతికి అన్నం కలపడం అలవాటైనట్టు అతని కాలికి అది అలవాటైపోయింది. బావమరిది రాబ్‌ని అమెరికా రప్పించింది కూడా వాటీయే. తల్లి పోయాక రాబ్‌ని ఒళ్లో పెట్టుకుని పెంచింది ఎఫీ. తమ్ముడు ఓడ దిగిన రోజు ఆవిడ మొహం చూసి వాటీ, జీవితంలో ఒక్క మంచి పనైనా చేశాననుకున్నాడు. రాబ్ మహా అల్లరివాడు. మగ్గాల గదిలో ఎవరికీ వినబడదని తెలిసీ పొద్దస్తమానం ఈల వేసేవాడు.

ఆ ఏడాది జట్టుకి బొత్తిగా కలిసిరాలేదు. క్రిస్మస్‌కి ముందే ఓటముల మీద ఓటములు. జనవరిలో మంచు పారతో ఎత్తిపోసి మరీ ఆడారు, ఆడి మరీ ఓడారు. ఏప్రిల్ వచ్చేసరికి లీగ్‌లో అట్టడుగున ఉన్నారు. ఆఖరి ఆట రోజు బట్టలు మార్చుకునే గది గుమ్మంలోకి మిల్లు మేనేజరు వచ్చి నిలబడ్డాడు. టోపీ కూడా తీయలేదు.

"ఇవాళ నెగ్గకపోతే జట్టు ఉండదు. జట్టు లేకపోతే నాకు మీతో పని లేదు. తర్వాత నన్నాడిపోసుకోకండి" అని చెప్పి వెళ్లిపోయాడు.

"పలకరించి వెళ్లాడు చూశావా, ఎంత పెద్దమనసో!" అన్నాడు రాబ్, బూటు తాడు బిగిస్తూ. అందరూ నవ్వారు. ఆ గదిలో అదే ఆఖరి నవ్వు.

ఆట మొదలైన కాసేపటికే అవతలి జట్టు ఒక గోలు కొట్టింది. తర్వాత రాబ్ బంతి కోసం ఎగిరితే, ఎదురొచ్చిన గోల్‌కీపరు మోకాలు అతని ఎడమ డొక్కలో దిగబడింది. బకెట్టు, స్పాంజి పట్టుకుని సెఫ్టన్ ముసలాయన పరుగెత్తాడు. జట్టుకి వైద్యుడన్నా, దేవుడన్నా ఆయనే. చన్నీళ్లు మెడ మీద పిండి రాబ్‌ని లేపి నిలబెట్టాడు.

ఆ రోజుల్లో దెబ్బ తగిలినవాడి బదులు ఇంకొకణ్ణి దింపే పద్ధతి లేదు. పది మందితో ఆడాలి, లేదా దెబ్బ తిన్నవాణ్ణి మైదానం అంచు గీత దగ్గర ఊరికే నిలబెట్టాలి. అలా నిలబడ్డవాడి జోలికి అవతలివాళ్లు పోరు. ఇది ఏ పుస్తకంలోనూ రాసిన నియమం కాదు, ఆటగాళ్ల మధ్య ఉన్న మర్యాద. రాబ్ వెళ్లి ఎడమ అంచున నిలబడ్డాడు.

విరామంలో అందరూ వేడి టీ తాగుతున్నారు. రాబ్ కప్పు పట్టుకున్నాడే కానీ పెదవికి ఆనించలేదు. మొహం సున్నం కొట్టినట్టుంది.

సెఫ్టన్ వాటీని పక్కకి లాగాడు. "కెప్టెన్, పిల్లాణ్ణి ఇంటికి పంపెయ్. ఆ రంగు నాకు నచ్చట్లేదు."

"పది మందితో ఎట్లా నెగ్గుతాం మావా? వాడక్కడ నిలబడితే చాలు. వాడి మీద ఒక కన్నేయడానికి అవతల ఒకడైనా ఆగుతాడు."

"నీ ఇష్టం. నేను నీళ్లు పిండేవాణ్ణి, నా మాటెవడు వింటాడు!"

వాటీ బావమరిది పక్కన కూర్చున్నాడు. "ఏరా, ఎట్లా ఉంది?"

"లోపలేదో తడితడిగా ఉన్నట్టుంది బావా." రాబ్ నవ్వబోయి ఆగాడు. "నవ్వించకు, నొప్పెడుతోంది."

"నువ్వేం చెయ్యొద్దు. గీత పక్కన నిలబడు, అంతే. నిన్నెవడూ ముట్టుకోడు."

"సరే. బంతి మాత్రం నాకివ్వకు బాబూ."

"ఇవ్వనులేరా."

ఆ మాట వాటీ మనస్ఫూర్తిగానే అన్నాడు.

రెండో సగంలో వెస్ట్‌కోట్ ఒక గోలు తిరిగి కొట్టింది. సమం. కానీ సమం చాలదు. జనం గొంతులు చించుకుంటున్నారు. చివరి నిమిషాల్లో బంతి వాటీ కాళ్ల దగ్గరికి వచ్చింది. ముందు ఇద్దరు, పక్క నుంచి ఇంకొకడు మీదికొస్తున్నారు. ఎడమవైపు మొత్తం ఖాళీ. ఆ ఖాళీలో ఒకే ఒక్కడు, కాపలా లేకుండా ఉన్నాడు. వాటీ తల తిప్పలేదు. కాలు తన పని తాను చేసేసింది.

బంతి కదిలిపోయాక గానీ అది ఎవరి దగ్గరికి పోతోందో అతనికి తట్టలేదు. "వదిలెయ్!" అని అరిచాడు. ఆ హోరులో ఎవరికి వినబడుతుంది! బంతి పాదాల దగ్గర ఆగాక కూడా రాబ్ ఒక క్షణం కదల్లేదు. తర్వాత పరుగు తీశాడు. అవతలి జట్టు డిఫెండరు భుజం అడ్డం పెట్టి దూసుకొచ్చాడు. అతని తప్పు లేదు. అంచున నిలబడ్డవాడికే ఆ మర్యాద, బంతి తీసుకున్నవాడికి కాదు. భుజం తగిలే ముందే రాబ్ బంతిని గోల్లోకి తన్నేశాడు.

జనం మైదానంలోకి ఉరికారు. కింద పడ్డవాడు లేస్తాడనే అందరూ అనుకున్నారు. ఆదివారం చర్చి గంటలు మోగే వేళకి ఆస్పత్రిలో రాబ్ పోయాడు. లోపల రక్తమంతా కడుపులోనే నిండిపోయిందని డాక్టరు చెప్పాడు.

జట్టు నిలిచింది, ఉద్యోగాలూ నిలిచాయి. శవపేటిక మీదికి మిల్లు తెల్లపూల చక్రం పంపింది. ఊరు ఆ గోలు గురించి, అంతకన్నా ఎక్కువగా ఆ పాసు గురించి చెప్పుకుంది. వాటీ బార్బరు షాపుకి వెళితే కుర్చీ ఖాళీ చేసి ఇచ్చేవాళ్లు. "ఏం పాసయ్యా అది! కుర్రాడు పోయినా పేరు నిలబెట్టావు" అని భుజం తట్టేవాళ్లు. వాళ్లది ప్రేమే. కానీ అంతటి క్రూరత్వం పగవాడికి కూడా చేతకాదు. వాటీ సబ్బు నురగ మొహంతో అద్దంలోకి చూస్తూ కూర్చునేవాడు.

ఇంట్లో మాత్రం ఎఫీ ఆ ఆట మాటే ఎత్తలేదు. వంట చేసేది, వడ్డించేది, మిల్లుకి పోయేది. తప్పు తనదేనని ఆవిడకి తెలిసిపోయిందని, అందుకే తనతో మాట్లాడట్లేదని వాటీ అనుకున్నాడు. వేసవిలో ఒక ఆదివారం ఉండబట్టలేక వంటగది బల్ల దగ్గర అంతా కక్కేశాడు. సెఫ్టన్ చెప్పింది, తాను విననిది, బంతి ఇవ్వకు అని రాబ్ అడిగింది, తాను మాటిచ్చింది.

"నేనే చంపాను ఎఫీ. తిట్టు, కొట్టు, ఏదో ఒకటి చెయ్. ఇట్లా మౌనంగా ఉండకు."

ఎఫీ బంగాళదుంపలు చెక్కు తీస్తున్న కత్తిని బల్ల మీద పెట్టింది. మొగుడి మొహంలోకి చూడలేదు.

"వాడు ఆగాడు, చూశావా? బంతి వచ్చాక కూడా ఆగిపోయాడు. పరిగెత్తేవాడు కాదు."

"అవును, ఆగాడు."

"డొక్క పట్టుకుని ఉన్నాడని నాకు కనబడుతూనే ఉంది. గీత పక్కనే కదా నేను నిలబడింది. అయినా అందరితో పాటు నేనూ అరిచాను. 'పరిగెత్తు రాబీ' అని అరిచాను. వాడు తిరిగి నన్నే చూశాడు, వాటీ. నన్ను చూసే పరిగెత్తాడు."