ఆదోని కొండ బతికే ఉందా?

ఫోన్‌లో అండమాన్ అగ్నిపర్వతం పొగ చూడగానే నా అరచేయి చురుక్కుమంది.

చిన్నప్పుడు ఆదోనిలో కొండ కింది బండ మీద మన వీధి పిల్లలమంతా వడియాలు ఎండబెట్టేవాళ్లం, గుర్తుందా? ఐదో తరగతిలో సారు చెప్పినారు, "దేశంలో బతికున్న అగ్నిపర్వతం ఒక్కటే, అండమాన్‌లో ఉండాది. మన కొండ కూడా ఒకప్పుడు భూమి లోపల కరిగిన నిప్పురాయే, ఎప్పుడో సల్లారి సచ్చిపోయింది" అని. సాయంత్రం వడియాలు తీస్తూ ఆ మాట చెబితే అవ్వకు కోపమొచ్చింది. నా చేయి లాగి బండకు ఆనించింది.

"మీ తాత పోయినప్పుడు తాకినావు కదమ్మా, ఎట్లుండె?"

"సల్లగా."

"మరి ఇది?"

చేయి కాలిపోయింది.

మర్నాడు సారు బతికున్న అగ్నిపర్వతాలెన్నని అడిగితే "రెండు" అన్నాను. బెత్తం దెబ్బ కూడా అదే అరచేతిలో పడింది. ఏ మంటను నమ్మాలో నాకు ఇప్పటికీ తెలీదు. మీకైనా తెలిసిందా?