తిరిగే బెల్టుకు నిమ్మకాయ

మా పసుపు మిల్లుల ఎక్కడెక్కడ ప్రమాదముందో చూసి చెప్పుడు నా నౌకరి. పోయిన వారం, కొమ్ములు పాలిష్ చేసే డ్రమ్ము పక్కన తిరిగే బెల్టును మా మిల్లుల కూలి చేసే రాజవ్వకు చూపిచ్చి, "గీడ కొంగు చిక్కితే చెయ్యి పోతది" అని గట్టిగనే చెప్పిన. బెల్టుకు అడ్డంగ ఇనుప జాలీ పెట్టియ్యమని సేటును అడిగితే, సీజన్ అయిపోయినంక చూద్దామన్నడు.

ఇయ్యాల అమావాస్య. పొద్దుగాల పోయి చూస్తే, రాజవ్వ నడుస్తున్న బెల్టు మీదికెల్లి వంగి, అవతలి ఇనుప రాడుకు నిమ్మకాయ, మిరపకాయలు కడుతుంది. నా పానం పోయినంత పనైంది. భయం భయంగనే మెల్లగ ఇవతలికి పిలిచిన.

"మిషిన్ బంద్ వెట్టి కట్టరాదా అవ్వా?"

"బందున్నదానికి దిష్టెందుకు తాకుతది సారూ, నడిచేదానికే గదా తాకేది."

"ఇన్నేండ్లల్ల ఎన్నడు కట్టలేదు గదా, ఇప్పుడెందుకు?"

"నువ్వే గదా మొన్న చెయ్యి పోతదని చెప్పినవ్. గప్పటిసంది ఒకటే భయమైతుంది. ఇగ ప్రతి అమావాస్యకు కడతా."

ఇంతకు ముందు ఆమె ఆ బెల్టు దిక్కే పోకపోయేది.

ఈమెకు ఏం చెప్పాల్నో మీకు తెలిస్తే జెర చెప్పుండ్రి. ఇంకింత భయపెట్టమని మాత్రం అనకుండ్రి, వారం వారం కడతది.