లస్కర్ వేషానికి వన్స్ మోర్

2022 వేసవి. నకరికల్లు దగ్గర ఒక ఊళ్ళో పొద్దుగూకగానే మా నాటకం మొదలైంది. నరసరావుపేటలో ఏళ్ళ తరబడి నాటకాలకు దర్శకత్వం వహిస్తున్నాను. ఆదివారం చర్చిలో, మా సంఘంలో, బైబిలు వాక్యం చదివేదీ నేనే. మనిషి ఎంపికకు మనిషే బాధ్యుడనే అస్తిత్వవాదాన్ని, పుస్తకాల జోలికి పోనివాళ్ళ ముందుకు తేవాలని ఆ నాటకం రాశాను. ఆ తత్వం చెప్పినవాళ్ళలో దేవుణ్ణి నమ్మనివాళ్ళున్నారు. అయినా జీవాన్నీ మరణాన్నీ మన ముందు పెట్టి కోరుకొమ్మన్న దేవుణ్ణి గురించే నేను చిన్నప్పటి నుంచి బైబిల్లో చదువుతున్నాను. ఆ తత్వంలో నాకు పరాయితనం కనిపించలేదు.

కథ చిన్నది. కాలువ తలుపులు చూసే లస్కర్ ఒకడు. వరదకు కట్ట తెగేట్టుంది. ఫోను పలకదు, ఆఫీసరు లేడు. తలుపు ఎత్తితే తమ్ముడుండే పల్లె మునుగుతుంది. ఎత్తకపోతే కట్ట తెగి పెద్ద ఊరు పోతుంది. ఊరికే నిలబడినా అదీ అతని నిర్ణయమే.

లస్కర్‌గా వేసింది కోటేశ్వరరావు బాబాయి. పద్యనాటకాల్లో రాజు వేషాలతో పేరు తెచ్చుకున్నవాడు. కొన్నేళ్ళుగా ఎవరూ పిలవడం లేదు. దీనితో మళ్ళీ నిలబడాలని ఆశ. పద్యం నచ్చితే జనం 'వన్స్ మోర్' అంటారు, నటుడు మళ్ళీ పాడతాడు. నా నాటకంలోనూ తలుపెత్తే ముందు లస్కర్ పాడే పద్యం ఒకటుంది. రిహార్సల్స్‌లో మా పేచీ ఆ వన్స్ మోర్ మీదే.

"తీసుకోవద్దు బాబాయ్. తలుపెత్తాక వెనక్కి రావడం ఉండదు."

"నీకేందబ్బాయ్, లోపల దాక్కుంటావు. పాడకపోతే ముసలోడికి గొంతు పోయిందంటారు. ఆ మాట పడ్డాక నన్నింకెవరు పిలుస్తారు?"

ఆ సాయంత్రం పద్యం గుండెకు హత్తుకునేట్టు పాడి, తలుపు చక్రం తిప్పాడు. నీళ్ళ హోరు లేచింది. వెంటనే "వన్స్ మోర్" అని ఒక కేక, వెనక నుంచి ఇంకొన్ని. బాబాయి చక్రం మీద చేతులుంచి, వింగ్ వైపు, అంటే తెర పక్కన నేనున్న చోటికి, చూశాడు.

"బ్లాకౌట్ ఇచ్చేయనా సార్?" అన్నాడు లైట్ల నాగూరు. దీపాలన్నీ ఒక్కసారే ఆర్పేయడమన్నమాట. బాబాయికి తప్పించుకునే దారి దొరికేది. వద్దన్నాను. నేను తల ఊపనూ లేదు, అడ్డంగా తిప్పనూ లేదు. ఏ సైగ చేసినా అది అతనిది కాక నా నిర్ణయమైపోతుంది. లోలోపల ప్రార్థన చేసుకుంటూ నిలబడ్డాను.

"ఏందయ్యా, గొంతు పోయిందా?" ఎవరో అరిచారు. నవ్వులు.

బాబాయి నా మీద నుంచి చూపు తిప్పుకున్నాడు. చక్రం వదిలి స్టేజి అంచున కూర్చున్నాడు. అది నేను నేర్పింది కాదు. చీకట్లోకి చూస్తూ, రాగం లేకుండా, "ఒరేయ్ చిన్నోడా" అని పిలిచాడు. ఒక్కసారే.

ముందు వరసలో ఒకామె, కేకలేస్తున్న మొగుణ్ణి కసిరింది. "నోరు ముయ్యి. తమ్ముడు మునిగిపోయినాక ఏం పాడతాడు?"

కేకలు ఆగాయి. చివర చప్పట్లు లేవు. జనం మెల్లగా లేచి వెళ్ళారు.

రంగు తుడుచుకుంటూ బాబాయి అడిగాడు. "సైగ చేస్తే నీ సొమ్మేం పోయేదిరా? చానా భయమేసింది."

"చేస్తే ఏం చేసేవాడివి?"

"నువ్వు చెప్పిందే." గుడ్డ పక్కన పడేసి, "తర్వాత నిన్ను తిట్టుకునేవాణ్ణి," అన్నాడు.

పద్యనాటకాల వాళ్ళు అతన్ని మళ్ళీ పిలవలేదు. మా నాటకం అడిగిన ఊళ్ళన్నిట్లో మాత్రం అతను అట్లాగే కూర్చున్నాడు.

ఎవరైనా ప్రార్థనకు దేవుడు పలకడం లేదంటే, అలిగాడనో, పరీక్షిస్తున్నాడనో సంఘంలో చెప్పేవాణ్ణి. నన్ను ఆయనతో పోల్చుకోను. కానీ మనిషి తనంతట తాను నిలబడాలని, పక్కనే ఉండి, అన్నీ చూస్తూ మాట్లాడకుండా ఉండటంలో ఎంత నొప్పి ఉంటుందో ఆ వింగ్‌లో కొంచెం తెలిసింది.