పెళ్ళి క్యాసెట్‌లో మా అమ్మ

నాకు సంతకం వరకే వచ్చు. నేను చెబుతుంటే మా అమ్మాయి రాస్తోంది.

మా అమ్మకు ఫోటో లేదు. రాంబిల్లి నుంచి చేపల గంప నెత్తిన పెట్టుకుని ఊళ్ళు తిరిగిన మనిషికి ఫోటో ఎవరు తీస్తారు? పోయి చాలా ఏళ్ళయింది. ఈమధ్య ఆమె ముఖం నాకు సరిగ్గా గుర్తు రావడం లేదు. కళ్ళు వస్తే నోరు రాదు. అందుకని ట్రంకుపెట్టెలో పడి ఉన్న నా పెళ్ళి క్యాసెట్‌ను మా అమ్మాయి అనకాపల్లిలో స్టూడియోకి ఇచ్చి, పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకొచ్చింది.

మధ్యాహ్నం అన్నాలు తిన్నాక టీవీలో పెట్టింది. మా ఆయన కుర్రాడు, నవ్వుతూ కూర్చున్నాడు. ఆయనా పోయాడు. అయినా ఆ పూట నా కళ్ళు ఆయన మీద నిలవలేదు. పందిట్లో అమ్మ ఎక్కడా లేదు.

"అమ్మమ్మ పెళ్ళికి రానేదేటమ్మా?"

"రాకపోడమేటే! వంటలకాడుంది. మొగుడు పోయిన మనిసి పీటలకాడికి ఎలాగొత్తాది? నా పెళ్ళికి పీటల మీద కూకున్నది మా సిన్నాన్నా పిన్నీ."

చివర్లో, భోజనాల దగ్గర కనిపించింది. అన్నం గిన్నె నెత్తిన పెట్టుకుని, ఒక చేయి వదిలేసి వస్తోంది. కెమెరా దీపం ముఖాన పడగానే కొంగు లాక్కుంది. నోరు కదిలింది. అంతలో తెర మీద ఇంత గులాబీ పువ్వు విచ్చుకుని ఆమెను మింగేసింది. ఆ రోజుల్లో వీడియోవాళ్ళు అలాంటి హంగులు పెట్టేవారు. మాటైనా వినబడలేదు, వీడియోవాడు మొదటి నుంచీ సినిమా పాటలే కలిపేశాడు. చేపలని కేకేస్తే వీధి చివర్నుంచి వినిపించే గొంతు మా అమ్మది.

"ఆడి పువ్వు తగలెయ్యా!" అన్నాను.

మా అమ్మాయి నవ్వింది. వెనక్కి తిప్పి, పువ్వు రాకముందు ఆపింది. కొంగు చాటున సగం ముఖం. ముక్కు, ఒక కన్ను, తెరిచిన నోరు. అంతే.

"ఏటంతందమ్మా?"

"నన్ను తియ్యకు బాబూ అంతంది."

"వినబడకుండా నీకెలా తెల్సు?"

మా ఆయన పోయాక ఏ పెళ్ళికి వెళ్ళినా, ఫోన్ ఇటు తిరగగానే నేనూ అదే అంటాను.

కాసేపటికి చూస్తే మా అమ్మాయి తన ఫోన్ నా మీదే పెట్టి ఉంది.

"ఇటు సూడమ్మా. ఏదోటి మాటాడు."

"ఏటి మాటాడతానే, కాళ్ళు పీకేత్తన్నాయి" అన్నాను. కొంగు మీదికి పోయిన చేతిని మళ్ళీ ఒళ్ళో పెట్టుకున్నాను.