మగ్గం గుంతలో కుడి కాలు

ట్రిబ్యునల్ ఇచ్చిన పరిహారం చాలదని హైకోర్టులో అప్పీలుకు వెళ్ళాలనుకున్నాక, తమ్ముణ్ణి వెంటబెట్టుకుని హిందూపురంలో వకీలును కలిశాను. తమ్ముడు ధర్మవరంలో పట్టుచీరలు నేసేవాడు. పెనుకొండ దగ్గర బైకును వ్యాను గుద్దడంతో కుడి మోకాలు దెబ్బతింది. ఆపరేషన్ తర్వాత ఆ కాలు సగమే వంగుతోంది. నేను పెనుకొండలో రిటైరై ఉన్నవాణ్ణి కాబట్టి కేసు కాగితాల పని నాకు వచ్చింది.

వకీలు తీర్పులోని ఒక పేరా చదివారు. విచారణలో ఇన్సూరెన్స్ తరఫు వకీలు తమ్ముణ్ణి రెండే ప్రశ్నలు అడిగాడు. నేసేది చేతులతోనేనా? చేతులకు ఏమైనా దెబ్బ తగిలిందా? మొదటిదానికి అవునని, రెండోదానికి లేదని తమ్ముడు చెప్పాడు. దాంతో అతను పని చేసుకోగలడని తేల్చారు.

"కాళ్ళ సంగతి ఎందుకు చెప్పలేదయ్యా?" అన్నారు వకీలు.

"ఆయప్ప అడగల్యా సార్. మగ్గానికి కాళ్ళు కావల్లని తెలీనోళ్ళు ఉంటారా?"

వకీలు కళ్ళద్దాలు తీసి, "నాకే తెలీదు" అన్నారు.

నేసేవాడు మగ్గం కింద తవ్విన గుంత అంచున కూర్చుని కాళ్ళు లోపలికి పెడతాడు. పోగు పోగుకూ చెక్కను తొక్కితేనే పైనున్న జాకార్డు, అంటే చీర మీద పూలు తీసే పెట్టె, లేస్తుంది. తొక్కేది కుడి కాలే. ఇదంతా రాతలో ఉంటే అప్పీలుకు బలమని వకీలు అన్నారు. నేను డైరీ తీసుకుని ధర్మవరం వెళ్ళి ఎనిమిది రోజులు ఉన్నాను.

మొదటి రోజు తమ్ముడు తలస్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని మగ్గం ఎక్కాడు. నేను స్టూలు మీద కూర్చుని తొక్కుళ్ళు లెక్కపెట్టాను.

"మెల్లగా నెయ్యిరా. రోజూ ఎట్లా చేతనవుతుందో అట్లా."

"అట్లనే నేస్తాండా. నువ్వు లెక్క తప్పొద్దు."

"చూసేవాళ్ళుంటే ఈయనకు నొప్పులుండవు బావా," అంది మరదలు. "పెండ్లిచూపులప్పుడు గూడా ఇట్లే నేసి చూపిచ్చినాడు."

"అప్పుడు నువ్వు చీర చూసినావా, నన్ను చూసినావా?"

"చీరనే."

గంటయ్యాక పక్కింటి మగ్గం దగ్గరకూ వెళ్ళి అదే లెక్క తీశాను. కాళ్ళు బాగున్న ఆ మనిషి కంటే తమ్ముడికి గంటకు నలభై తొక్కుళ్ళు మాత్రమే తక్కువ వచ్చాయి. ఆ ఒక్క పేజీ చాలు, అప్పీలు ఓడిపోవడానికి. వచ్చింది వచ్చినట్టే రాశాను.

మర్నాడు మోకాలు వాచింది. అతను మంచం దిగలేదు. మూడో రోజూ అంతే. నాలుగో రోజు అరగంట నేశాడు. అయిదో రోజు మళ్ళీ మంచం. ఆరో రోజు డైరీ అడిగి తీసుకుని చదివాడు.

"మూడు దినాలు పండుకున్న్యాడని రాసినావే?"

"పండుకున్నావు కదా."

"నాయన జొరమొచ్చినా మగ్గం దిగల్యా. ఇది హైకోర్టుకు పోతాదా?"

"పోతేనే ఉపయోగం."

డైరీ మంచం మీద పెట్టేశాడు. అతను వద్దంటే నేను ఆ పేజీలు వకీలుకు ఇచ్చేవాణ్ణి కాను. ఆ సాయంత్రం, మర్నాడంతా నాతో మాట్లాడలేదు. ఎనిమిదో రోజు నేను సంచి సర్దుకుంటుంటే తానే అన్నాడు.

"నిన్న మద్దేనం నువ్వు టీకి పోయినప్పుడు గూడా పండుకున్న్యా. రెండు గంటలు. అది రాసుకోల్యా నువ్వు."

రాసుకున్నాను.

మొదటి రోజు పేజీ వదిలేద్దామన్నారు వకీలు. అది లేకపోతే మిగతా ఏడు రోజులు ఎందుకు అట్లా గడిచాయో తెలియదన్నాను. చివరికి ఆయన అన్నీ అఫిడవిట్‌కు జతచేశారు. ఒక డాక్టరు సర్టిఫికెట్ కూడా పెట్టారు.

రెండేళ్ళకు తీర్పు వచ్చింది. పరిహారం పెంచారు. ఒకరోజు నేస్తే మూడు రోజులు లేవలేనివాడికి ఆ పని బతుకుతెరువు కాదని అందులో రాశారు. ధర్మవరం వెళ్ళి తమ్ముడికి చదివి వినిపించాను.

"అయితే ఇంక నేను నేసేవాణ్ణి కానని కోర్టు గూడా చెప్పిందన్నమాట."

"పరిహారం పెంచింది."

"ఇన్న్యాలే అన్నా."

ఆ వారమే మగ్గాన్ని పక్క వీధి మనిషికి బాడుగకు ఇచ్చాడు. ఆ మనిషి వచ్చి గుంతలో కాళ్ళు పెట్టేటప్పుడు, తమ్ముడు చెప్పులేసుకుని బయటికి పోయాడు.