బొడ్రాయి పండుగనాడు పొలిమేర దాటిన బిడ్డ

భూపాలపల్లి దిక్కు మా ఊరు. బొగ్గు గని ఊరి అంచుకొచ్చినంక, బాంబులు పేల్చినప్పుడల్లా మా ఇంట్ల గిన్నెలు వాటంతట అవే కదులుతయి. చప్పుడు ఆగినంక గోడ దిక్కు చూస్తం, నెర్రె ఇంకెంత పాకిందోనని.

గా నెర్రెలను కెమెరాల తీయనీకే మా బావగారి బిడ్డ వచ్చింది. సినిమాలు తీస్తది. పాటలు, ఫైట్లవి కాదు, ఊరిని ఉన్నది ఉన్నట్టు తీసేటివి. వెనుక కంపెనీ లేదు, పైసలు పెట్టేటోళ్లు లేరు, అన్నీ తనే. పుట్టింది మా ఇంట్లనే కానీ పెరిగింది కేసముద్రంల. అది వచ్చిన యేడే మా ఊర్ల కొత్త బొడ్రాయి నిలుపుతున్నరని ఆడబిడ్డలందరికి పంపిన పిలుపు దానికీ అందింది.

"చిన్నమ్మా, నన్ను గూడ యాదిల పెట్టుకున్నరా?" అని ఫోన్ల ఏడ్చింది, పిచ్చిది.

బొడ్రాయి అంటే ఊరి నడుమ పాతే రాయి, ఊరికి బొడ్డు లెక్క. దాన్ని నిలిపే నాడు, తర్వాత దాని పండుగ చేసినప్పుడల్లా, ఊరి చుట్టూ పొలి, అంటే బలి రక్తం కలిపిన అన్నం, చల్లి పొలిమేర కడతరు. మళ్ల విప్పేదాక లోపలోళ్లు బయటికి పోవద్దు, బయటోళ్లు లోపలికి రావద్దు. దాటితే ఊరికి అరిష్టం అంటరు. అందుకే బిడ్డతోని వచ్చిన కెమెరా పట్టే మనిషిని పెద్దమనుషులు ముందే ఊరి బయటికి పంపిచ్చిన్రు. ఆయన అవతల రోడ్డు మీద కారుల కూసున్నడు.

"మరి నిన్నెవలు తీస్తరే?" అన్న.

"నన్నెందుకు చిన్నమ్మా, నేనేమన్న హీరోయిన్‌నా?" అని నవ్వింది.

ఆడోళ్లంతా బిందెలెత్తుకొని బొడ్రాయి మీద నీళ్లు పొయ్యనీకే పోయిన్రు, అత్తకు తోడు నేను, బిడ్డ ఇంట్లనే ఉన్నం. బొగ్గు గనోళ్లకు పండుగ ఏంది, గప్పుడే పేల్చిన్రు. ఇల్లంత దుబ్బ లేసింది. మా అత్తకు, అంటే దాని నాయినమ్మకు, ఊపిరి అందలే. పెదవులు నల్లబడ్డయి.

"పెద్దమనుషులను అడుగుదమా?" అన్న.

"వద్దంటే ఏం జేస్తవ్?"

అది ముసల్దాన్ని చేతుల మీద ఎత్తుకొని, వెనుక పత్తిచేన్ల నుంచి పొలి తొక్కుకుంట కారు దాక పోయింది. దవాఖానల గాలి పెట్టిన్రు. పొద్దుగూకేసరికి అదే బాటన తెచ్చి పండవెట్టింది. ఊరంత బొడ్రాయి కాడనే ఉండె, ఎవ్వరికి తెల్వలే.

తర్వాత ఊరి బోరు ఎండింది. ఒకరి గోడ కూలి ఎద్దు సచ్చింది. పత్తిచేన్ల పొలి తొక్కిన జాడ చూసినోళ్లు ఉన్నరు గద. "ఎవలో దాటిన్రు" అన్న మాట ఇంటింటికి తిరిగింది.

సినిమా అయినంక అది మా ఊర్లనే తెర కట్టి చూపిచ్చింది. అంతసేపూ తను యాడ కనవడలే. ఆఖరుకు తెర మీదికి తనే వచ్చింది, మా గోడ కింద కూసోని. "పొలిమేర దాటింది నేనే. మా నాయినమ్మ పాణం కోసం దాటిన. ఈ నెర్రెలు నాతోని రాలే, గనితోని వచ్చినయి" అన్నది. నిజం చెప్తే ఊరంత గని దిక్కు చూస్తదనుకున్నది.

లైటేసిన్రు. ఒక పెద్దాయన లేచిండు.

"నీ నోటితోనే ఒప్పుకున్నవ్ బిడ్డా."

"పెదనాయినా, తర్వాతి మాట ఇన్లేదా?"

"మాకు కావాల్సింది ఇన్నం."

మా అత్త కట్టె ఊతంతోని నిలవడ్డది. "అయితే నన్ను సావనియ్యాల్నారా?" అన్నది. ఒకలెనుక ఒకలు చెప్పులేసుకొని పోయిన్రు.

మళ్ల ఈ యేడు బొడ్రాయి పండుగ. పిలుపులు చెప్పేటోళ్లు మా ఇంటికొచ్చిన్రు, మంచినీళ్లు తాగిన్రు, అత్త పాణం ఎట్లున్నదని అడిగిన్రు. బిడ్డ పేరెత్తలే. అది ఫోన్ జేసి "పిలుపొచ్చిందా చిన్నమ్మా?" అంటే, "ఇంకా రాలే" అన్న. "వస్తది లే" అన్నది.

తెల్లారితే పొలిమేర కడతరు. మా పత్తిచేను గట్టు మీద కావలి మనుషులను కూసోవెట్టిన్రు. అత్తకు నిన్నటి నుంచి మళ్ల ఆయాసం.